నీళ్ల సైంటిస్టు మీద నిఘా

అనంతపురం,
మార్చి 3.

ప్రియమైన ఐజాక్ మామకు సారా వందనాలు.

నకిలీ డాక్టరు మీద ఒకటి, నకిలీ కలెక్టరు మీద ఒకటి, మోసగాళ్ల గురించి నేను రాసిన రెండు పుస్తకాలూ బాగానే అమ్ముడుపోయాయి. మూడోదానికి మనిషి మీ బెళుగుప్పలోనే దొరికాడు. పేరు విజయభాస్కర్. జర్మనీలో చదివిన నీళ్ల సైంటిస్టునంటూ ఏదో పెట్టె పట్టుకుని చేలల్లో తిరుగుతున్నాడట. అతని మాట నమ్మి రైతులు బోర్లు వేసి అప్పుల్లో మునిగిపోకముందే అసలు సంగతి తేలాలి. నేనొస్తే జాగ్రత్తపడతాడు. నువ్వే నెమ్మదిగా కూపీ లాగు.

నీ మేనకోడలు
సారా

తా.క.: ఫోన్ వద్దు. నువ్వు స్పీకర్ పెట్టి మాట్లాడితే వీధంతా వింటుంది.

బెళుగుప్ప,
మార్చి 11.

కోడలు సారాకు మామ ఐజాక్ దీవెనలు.

యాడ చదివినావప్పా అని విజయభాస్కర్‌నే అడిగినా. "కూలికి పొయ్యేవానికి ఇవన్నీ ఎందుకు?" అనె. నాకు రోషమొచ్చింది. "ఆ నకిలీ కలెక్టరు పుస్తకం రాసినోన్ని నేనే. సారా అనేది నా కలం పేరు" అంటి. ఆయప్ప నోరు తెరిచినాడు.

పొద్దుగూకేలోపల ఊరంతా తెలిసిపాయె. హెడ్మాస్టరు తిప్పేస్వామి సారు బడికి పిలిచి, కుర్చీ ఏసి, శాలువా కప్పినాడు. అరవై ఏండ్లలో ఈ ఊర్లో నన్ను కూచోమన్నోళ్లు లేరమ్మా. ఇప్పుడు విజయభాస్కర్ దినామూ నా ఎనకాలే తిరుగుతాండాడు.

మీ మామ
ఐజాక్

తా.క.: నీ పుస్తకాలు రెండూ అర్జెంటుగా పంపు. వాటిల్లో నేనేం రాసినానో జనం అడుగుతాండారు.

అనంతపురం,
మార్చి 16.

మామా, వందనాలు.

నీ ఉత్తరం రెండుసార్లు చదివాను. పదేళ్లుగా ఊరూరా తిరిగి మోసగాళ్లను పట్టుకుంటున్నాను. చివరికి మన ఇంట్లోనే ఒకడు తయారయ్యాడా? ఆ నకిలీ కలెక్టరు కూడా ఒక్క శాలువాతోనే మొదలుపెట్టాడు! ఊళ్లోవాళ్లకు వెంటనే నిజం చెప్పెయ్. ఇది బయటపడితే నా పుస్తకాలను ఇంకెవరు నమ్ముతారు?

సారా

తా.క.: పుస్తకాలు పంపుతున్నాను. చదివితే సిగ్గయినా వస్తుంది.

బెళుగుప్ప,
మార్చి 24.

సారమ్మా, దీవెనలు.

చదివినా. సిగ్గాయె. ఆదివారం చర్చి అయినంక అందర్నీ బడికాడికి పిలిచి, "రాసింది నేను కాదు, నా కోడలు" అని చెప్పేసినా. తిప్పేస్వామి సారు తల వంచుకున్నాడు.

అప్పుడు విజయభాస్కర్ లేసి "నాదీ అబద్ధమే" అనె! సైంటిస్టు కాదంట. జర్మనీ కాదు, మన సీమలోనే కొత్తచెరువు ఊరంట. ఆయప్ప కూడా నీ మాదిరి పుస్తకాలు రాసేటోడేనంట! మాయమాటలు జనం ఎట్ల నమ్ముతారో చూసి రాయాలని సైంటిస్టు యాసం కట్టినాడంట. అందుకే ఎవురితోనూ బోరు ఏయించలా. ఏ చేనుకు పోయినా "ఈడ నీళ్లు లేవు" అనే చెప్పినాడు.

"ఆ ఒక్క మాటా నిజమే కదప్పా!" అన్నాడు రైతు బయ్యన్న. ఊరంతా నవ్వింది. నాకు మాత్రం నవ్వు రాలా. విజయభాస్కర్ పుస్తకంలో మొదటి అధ్యాయం నా మీదనేనంట, నలభై పేజీలు.

మీ మామ
ఐజాక్

తా.క.: రెండో అధ్యాయం నీ మీదంట. సోమవారం తొలి బస్సుకే నీ కాడికి వస్తాండాడు.