నీ ఫోన్లో చిట్టి పెళ్ళి

సరోజా,

బాగున్నావా? నువ్వెళ్ళిపోయి ఏడు నెలలైంది. నేను బాగానే ఉన్నాను... నీ ఫోనే నా ప్రాణం తీస్తోంది.

మొన్న నెమలి ఊరి గుళ్ళో మీ తమ్ముడి కూతురు చిట్టి పెళ్ళి. ఏడాది తిరక్కుండా శుభకార్యానికి వెళ్ళకూడదన్నారు పెద్దవాళ్ళు. నువ్వేమో ఆసుపత్రిలో "నేనుండను, నా మేనకోడలి పెళ్ళి మీరైనా చూసి నాకు చెప్పాలి" అని చేతిలో చెయ్యి వేయించుకున్నావు. ఏం చెయ్యను మరి? వీడియోల యాప్‌లో లైవ్ పెడతాం, ఇంట్లోంచే చూడు బావా అన్నాడు మీ తమ్ముడు. నాది బటన్ల ఫోను. ఇక నీదే గతి.

నీ పేరు మీదున్న యాప్ నొక్కితే అప్‌డేట్ చెయ్యమంటుంది. చేద్దామంటే ఖాళీ లేదంటుంది. నువ్వు దాచుకున్న గుడ్ మార్నింగ్ పువ్వులు... ఎన్నున్నాయే బాబూ! రెండు పూటలు కూర్చుని చెరిపాను. తీరా అంతా అయ్యాక, ఈ ఫోను పాతది, ఇందులో యాప్ పనిచెయ్యదంది. ఆ ముక్కేదో ముందే చెప్పి చావొచ్చుగా?

బస్టాండు దగ్గర సెల్ షాపుకి మూడుసార్లు తిరిగాను. వెళ్ళినప్పుడల్లా కొత్తది కొనుక్కోమంటాడు. నేను కొంటానంటే నువ్వేమనేదానివి? "పాతదైతే ఏం, మోగుతోందిగా?" మోగుతోంది తల్లీ... మోగడం తప్ప ఇంకేం చేస్తోంది? చివరికి నా పోరు పడలేక, యాప్‌లో పాత వెర్షనేదో వెతికి ఎక్కించాడు.

పెళ్ళిరోజు ఇంట్లో సిగ్నల్ లేదు. తెర మీద సున్నా తిరుగుతూనే ఉంది. ఫోనూ, అక్షింతల పళ్ళెమూ పట్టుకుని డాబా ఎక్కాను, ఈ మోకాళ్ళతో. నీళ్ళ ట్యాంకుకి ఆనించి పెడితే అప్పుడొచ్చింది బొమ్మ! చిట్టి ఎంత బాగుందో సరోజా... అన్నీ నీ పోలికలే. జీలకర్రా బెల్లం అయింది. పెళ్ళికొడుకు తాళి పట్టుకుని లేచాడు. నేను అక్షింతలు తీసి ఫోను మీదే వేశాను. మరెక్కడ వెయ్యను?

తడి పసుపు కదా, గింజలు తెర నిండా, కింద మూలనున్న గుండె గుర్తు మీద కూడా అంటుకుపోయాయి. ఏమీ కనపడక, తువ్వాలుతో గబగబా రుద్దాను. అంతే... బొమ్మ బిగుసుకుపోయింది. తాళి కట్టడం చూళ్ళేదే. నీకిచ్చిన మాట పోయిందని ఏడుపొచ్చింది. ఆ దిక్కుమాలిన ఫోనుని డాబా మీంచి విసిరేద్దామనిపించింది.

మధ్యాహ్నం మీ తమ్ముడు ఫోన్ చేశాడు. వాడూ ఏడుపే. అక్కడ పెద్ద తెర మీద లైవ్ వేశారట. సరిగ్గా తాళి కట్టే వేళకి నీ ఫోటో, నీ పేరూ వచ్చి, పక్కనుంచి ఎర్రటి గుండెలు వరసపెట్టి పైకెళ్ళాయట. చిట్టి పీటల మీంచే తెరకి దణ్ణం పెట్టిందట. మేనత్తే వచ్చి దీవించిందని అక్కడ ఒకటే చెప్పుకోవడమట...

అది నా తువ్వాలు చేసిన పనని నాకు అప్పుడు తెలిసింది. వాడికి చెప్పలేదు. ఎలా చెప్పనే? ఎవరికీ చెప్పను, ఒట్టు.

నువ్వూ చెప్పకు.