అనుకోవడం మానేశాను

3వ తేదీ, సోమవారం

ఈ రోజు నా మూలంగా ఒక బొచ్చుకుక్కకు గుండు అయింది.

నేను పనిచేసేది పెంపుడు జంతువుల ఆసుపత్రిలో, ముందు గదిలో. ఎవరు వచ్చారో రాసుకుని, ఏ జంతువును ఎక్కడికి పంపాలో చూసేది నేనే. పొద్దున ఒకావిడ తెల్లకుక్కను నా బల్లకు కట్టేసి, "సాయంత్రం వచ్చి తీసుకెళ్తాను" అని హడావిడిగా వెళ్ళిపోయింది. అంత బొచ్చుతో మా దగ్గరికి వచ్చే కుక్కలన్నీ కత్తిరింపుకే వస్తాయి. లోపలికి పంపాను. కుక్కలకు క్షవరం చేసే అతన్ని నేను కత్తెర తమ్ముడు అంటాను. ఏ పనైనా మనసు పెట్టి చేస్తాడు. ఒక్క వెంట్రుక మిగల్చలేదు.

కుక్క వచ్చింది పళ్ళు తోమించుకోవడానికట. ఆదివారం దానికి ఫొటోలు తీయిస్తారట.

ఆవిడ ఏడ్చింది. కుక్క మాత్రం ఫ్యాను కింద వెల్లకిలా పడుకుని గాలి తగిలించుకుంది.

డాక్టరమ్మ నన్ను లోపలికి పిలిచింది.

"ఆవిడ కత్తిరించమని చెప్పిందా?"

"లేదండి. అందుకే వచ్చిందనుకున్నాను."

"మొన్న కుందేలు మందు పిల్లికి ఇచ్చి పంపబోయావు. అప్పుడేమన్నావు?"

"రెండూ ఒకే ఇంటివి అనుకున్నానండి."

డాక్టరమ్మ గొంతు పెంచదు. అదే భయం. "నువ్వు మంచిదానివే. కానీ ఇంకోసారి నీ నోట 'అనుకున్నాను' అని విన్నానంటే, ఆ కుర్చీలో ఇంకొకరిని కూర్చోబెడతాను."

ఆ కుర్చీ అంటే నాకు ప్రాణం. కాబట్టి తీర్మానం:

ఇక అనుకోను. అడుగుతాను.
ఆ మాట నోటితో అనను. డైరీలోనూ రాయను.
అన్నానంటే ఆ రాత్రి గిన్నెలన్నీ నేనే తోముతాను.

చివరిది మా ఆయన చేర్చారు. లిఫ్టులు బాగుచేసే మనిషి, ఇంట్లో ఏ విషయానికీ ఇంత ఉత్సాహం చూపించి ఎరగరు.

4వ తేదీ, మంగళవారం

అద్భుతం. అడగందే అమ్మైనా పెట్టదన్నారు పెద్దలు. ఎంత నిజం.

ఒకాయన అట్టపెట్టె పట్టుకుని వచ్చి కూర్చున్నాడు. మామూలుగా అయితే "పిల్లి, గది రెండు" అని రాసేసేదాన్ని. ఈ రోజు అడిగాను. పెట్టెలో ఆయన భార్య చెప్పులు. పక్క చెప్పుల షాపు అడ్రసు పట్టుకుని మా దగ్గరికి వచ్చాడు. పంపించేశాను. ఒక్క ప్రశ్నతో ఒక మనిషి, ఒక జత చెప్పులు దారిన పడ్డాయి.

తాబేలు పెద్దాయన కూడా వచ్చారు. ఆయన మాకు బాగా అలవాటు. రిటైరై చాలా కాలమైంది, ఇస్త్రీ చొక్కా, చేతిలో సంచి, సంచిలో తువ్వాలు, తువ్వాల్లో తాబేలు. వారంలో రెండు మూడుసార్లు తెస్తారు. తాబేలుకు ఎప్పుడూ ఏమీ ఉండదు. డాక్టరమ్మ చూసి "భేషుగ్గా ఉంది" అంటుంది. ఆయన తేలిగ్గా ఊపిరి పీల్చుకుని, ఇంకాసేపు కూర్చుని వెళ్తారు. డాక్టరమ్మది ఒంటరి జీవితం. ఆయన కూడా ఒంటరివారే. ఆయన వచ్చేది తాబేలు కోసం కాదని నేనూ కత్తెర తమ్ముడూ ఎప్పటినుంచో అను

కొట్టేశాను. ఎప్పటినుంచో మా అభిప్రాయం.

5వ తేదీ, బుధవారం

ఇంట్లో కూడా అమలు. కూరలో ఉప్పు వేశారా, వేసి రుచి చూశారా, చూస్తే సరిపోయిందా అని అత్తయ్యను అడిగాను. ఆవిడ గరిటె నా చేతిలో పెట్టి హాల్లోకి వెళ్ళిపోయింది.

మా అత్తయ్య ప్రెస్సులో ప్రూఫులు దిద్ది రిటైరైన మనిషి. ఇప్పటికీ సబ్బు అట్టమీద తప్పులు పెన్నుతో దిద్దుతుంది. భోజనాల దగ్గర నా తీర్మానాన్ని కూడా దిద్దింది.

"వాన పడుతుందనుకుంటా అంటే ఊహ. కొత్త దుప్పటి కొనాలనుకుంటున్నా అంటే ఉద్దేశం. వీధిలో అందరూ అనుకుంటున్నారు అంటే చెవులు కొరుక్కోవడం. ఏమీ అనుకోవద్దు అంటే నొచ్చుకోవద్దని. ఇందులో నువ్వు ఏది మానేశావమ్మా?"

"అన్నీ అత్తయ్యా."

"అయితే మాట్లాడటం మానెయ్. అదే తేలిక."

మా ఆయన చేయి కడుక్కుంటూ, "ఆదివారం సినిమాకు టికెట్లు తెచ్చాను" అన్నారు.

"నిజంగానా? మీరు మర్చిపోయారనుకున్నాను."

"గిన్నెలు" అన్నారు.

టికెట్లు లేవు. నా నోట ఆ మాట రప్పించడానికే అన్నారు.

7వ తేదీ, శుక్రవారం

కష్టంగానే ఉంది.

ఫోనులో ప్రతివాళ్ళూ "ఏమీ అనుకోకండి, కొంచెం లేటవుతుంది" అంటారు. "పర్వాలేదు, అనుకోను" అనడానికి నోరు దురద పెడుతుంది. "ఊహించాను" అని చూశాను, "భావించాను" అని చూశాను. "ఏంటి, మైకు ముందు నిలబడ్డావా?" అంది డాక్టరమ్మ.

'అనుకోకుండా' అనే మాట వాడుకోవచ్చని తేల్చుకున్నాను. అనుకోకుండా అంటే అనుకోలేదనే కదా. అత్తయ్యను అడిగితే "వ్యాకరణం ఒప్పుకుంటుంది, నీ మనస్సాక్షి సంగతి నాకు తెలీదు" అంది. చాలు.

నిన్న రాత్రి గిన్నెలు నేనే తోమాను. ఎందుకో రాయను.

10వ తేదీ, సోమవారం

తప్పు చేశానా? తెలియడం లేదు. తీర్మానం ప్రకారం చేయలేదు.

పొద్దున ముందు గది కిటకిటలాడింది. పిల్లులు, కుక్కలు, జలుబు చేసిన కుందేలు, కూర్చోవడానికి కుర్చీ లేదు. తాబేలు పెద్దాయన సంచి గుండెకు ఆనించుకుని నా బల్ల ముందు నిలబడ్డారు.

"తాబేలుకు ఏం ఇబ్బందండీ?" అడిగాను.

"ఇబ్బందంటే ఏం లేదమ్మా. ఒకసారి చూపిద్దామని."

ఇదివరకైతే ఇక్కడితో ఊరుకుని రాసుకునేదాన్ని. కానీ అనుకోకూడదు, అడగాలి. అడిగాను.

"పోయినసారి కూడా ఏం లేదు. అంతకుముందూ ఏం లేదు. మరి మీరు ఎందుకు వస్తున్నారండీ? డాక్టరమ్మ గారి కోసమా?"

మెల్లగా అడిగాననే నా నమ్మకం. కానీ సరిగ్గా అప్పుడే కుక్కలన్నీ మొరగడం ఆపాయి. మూల కూర్చున్న ఒకతను కిసుక్కున నవ్వాడు. ఆ నవ్వు గదంతా పాకింది.

పెద్దాయన మొహం చూడలేకపోయాను. ఆయన చెవులు ఎర్రబడ్డాయి. తువ్వాలు సర్ది, సంచి మూతి బిగించి, "తప్పేనమ్మా. మీకు పని ఎక్కువ" అని బయటికి నడిచారు. ఆ తొందరలో గొడుగు వదిలేశారు.

డాక్టరమ్మ తలుపు తీసింది. "ఏమడిగావు ఆయన్ని?"

"అనుకోకుండా అడిగానండి" అన్నాను.

నేను చెప్పినంత నిజం ఎవరూ చెప్పి ఉండరు. నాకే సిగ్గేసింది.

12వ తేదీ, బుధవారం

ఆయన రాలేదు.

వాన కదా. అందుకే రాలేదేమో. 'ఏమో' కూడా అనుకోవడమేనంది అత్తయ్య. అయితే మనిషి తలకాయ దేనికి పెట్టుకోవాలి? దువ్వుకోవడానికా?

గొడుగు నా బల్ల పక్కనే ఉంది. తడవకుండా.

14వ తేదీ, శుక్రవారం

రాలేదు.

కోపం వచ్చిందనుకున్నాను. జ్వరమేమో అనుకున్నాను. ఇంకో ఆసుపత్రికి వెళ్తున్నారనుకున్నాను. తాబేలే పోయిందేమో అనుకున్నాను. ఆయనే... అది రాయను. తలుపు చప్పుడైనప్పుడల్లా ఆయనే అనుకున్నాను. రాసేశాను, ఒక్క పేజీలో ఇన్నిసార్లు. తీర్మానం గంగలో కలిసింది.

రాత్రి ఎవరూ చెప్పకుండానే గిన్నెల ముందు నిలబడ్డాను. మా ఆయన వచ్చి పక్కన నిలబడి, కడిగినవి తుడవడం మొదలుపెట్టారు.

"నేను ఈ గిన్నెల పందెం ఆపేస్తున్నాను" అన్నారు.

"ఎందుకు?"

"నువ్వు ఊరికే అనుకుంటూ ఉంటేనే ఇల్లు ఇల్లులా ఉంది. ఈ అడగడం నా వల్ల కాదు. పొద్దున సాక్సు గురించి ఎన్ని ప్రశ్నలు అడిగావు?"

"పెద్దాయనకేమైనా అయ్యుంటుందంటారా?"

"రేపు వెళ్ళి చూడు. గొడుగు ఇవ్వడానికి వచ్చానని చెప్పు."

15వ తేదీ, శనివారం

ఆయన ఇల్లు ఆసుపత్రికి రెండు వీధుల అవతల, మెట్లెక్కి వెళ్ళాలి. దారిపొడుగునా క్షమాపణ వల్లె వేసుకున్నాను. తలుపు తీయగానే అంతా మర్చిపోయి గొడుగు ముందుకు చాపాను.

ఆయన గొడుగు వైపు చూడలేదు. "సమయానికి వచ్చావమ్మా. ఒకసారి లోపలికి రా" అన్నారు.

వంటింట్లో నేలమీద తువ్వాలు. దానిమీద తాబేలు. తల లేదు, కాళ్ళు లేవు, అన్నీ లోపలే. ఉత్త డిప్ప.

"నిన్నటినుంచి ఇంతే. పోయిందనుకుంటున్నాను" అన్నారు.

"మరి తీసుకురావచ్చు కదండీ."

"ఏ మొహం పెట్టుకుని రానమ్మా?"

కింద కూర్చుని డిప్ప ముట్టుకున్నాను. చల్లగా ఉంది. ఇల్లంతా చల్లగానే ఉంది, ముసురు పట్టి ఎన్నాళ్ళో అయింది. చలికి తాబేళ్ళు ముడుచుకుపోతాయని, నులివెచ్చని నీళ్ళలో కాసేపు ఉంచమని డాక్టరమ్మ ఎవరికో ఫోనులో చెబుతుంటే విన్నాను. అదే చేద్దామన్నాను. నీళ్ళు కాచి, మోచేత్తో వేడి చూసి, బేసిన్లో తాబేలును పెట్టి, డిప్ప అంచు దాకా వచ్చేట్టు కొంచెమే పోశాం. ఇద్దరం చెరోపక్కా కూర్చున్నాం.

చాలాసేపు ఏమీ జరగలేదు. చేసేది లేక ఆయన చెప్పడం మొదలుపెట్టారు.

"ఇది మా ఆవిడ పెంచుకున్నది. నాకు దీని సంగతులేవీ తెలీవు. ఇలా లోపలికి ముడుచుకుంటే చాలు, పోయిందనుకుంటాను. గుండె ఆగినంత పనవుతుంది. సంచిలో వేసుకుని మీ దగ్గరికి పరిగెత్తుకొస్తాను. మీ గదిలో ఆ కుక్కల గోలకు అది తల బయటపెట్టి చూస్తుంది. అప్పుడేం చెప్పను? చచ్చిపోయిందనుకుని తెచ్చానని చెబితే నవ్వరూ? అందుకే ఊరికే చూపిద్దామని అనేవాణ్ణి."

"నవ్వేవాళ్ళం కాదండీ" అన్నాను. నిజానికి నవ్వేవాళ్ళమే.

ఆయన నీళ్ళలో వేలు పెట్టి వేడి చూశారు. "మా ఆవిడ పోయిన రోజు, పొద్దున లేవకపోతే, అలిసిపోయి పడుకుందనుకున్నానమ్మా. పడుకోనిద్దాంలే అని కాఫీ కూడా నేనే కలుపుకున్నాను. పేపరు చదువుకున్నాను. అప్పుడు అలా అనుకున్నాను కదా. అప్పట్నించి ఏది కదలకపోయినా పోయిందనే అనుకుంటాను."

ఇన్నాళ్ళూ అడుగుతూ తిరిగిన దాన్ని, నాకు ఒక్క ప్రశ్న తోచలేదు.

ఇంకొన్ని వేడినీళ్ళు పోశాం. ముందు ఒక కాలు వచ్చింది. తరువాత ముక్కు. తరువాత తల మొత్తం వచ్చి, మా ఇద్దరినీ మార్చి మార్చి చూసింది, నిద్ర పాడుచేశారన్నట్టు.

పెద్దాయన కళ్ళజోడు తీసి చొక్కాతో తుడుచుకున్నారు. చాలాసేపు తుడిచారు.

"సోమవారం రండి" అన్నాను లేస్తూ. "నేనన్నదానికి ఏమీ అనుకోకండి."

"ఏమనుకుంటానమ్మా. నువ్వే ఏమనుకున్నావో అని మథనపడ్డాను."

17వ తేదీ, సోమవారం

డాక్టరమ్మకు అంతా చెప్పాను.

"వాళ్ళింటికి ఎందుకు వెళ్ళావు?" అంది.

"ఏదో అయ్యుంటుందనుకున్నానండి."

మాట జారాక తెలిసింది. కుర్చీ కళ్ళముందు మెదిలింది. డాక్టరమ్మ మాత్రం, "వెళ్ళి నీ కుర్చీలో కూర్చో. బయట జనం ఉన్నారు" అంది.

పెద్దాయన వచ్చారు. డాక్టరమ్మ తాబేలును బల్లమీద పెట్టి, ఆయన వేలు పట్టుకుని దాని వెనక కాలికి తాకించింది. కాలు చటుక్కున లోపలికి పోయింది.

"చూశారా. కదలకపోతే ఇలా ముట్టుకోండి. లాక్కుంటే బాగున్నట్టే."

ఆయన మళ్ళీ ముట్టుకున్నారు. మళ్ళీ లాక్కుంది. ఇంకోసారి. చిన్నపిల్లాడిలా నవ్వారు. తాబేలుకే విసుగొచ్చింది.

"అయితే ఇక నేను రానక్కర్లేదా?" సంచి సర్దుతూ అడిగారు.

డాక్టరమ్మ చేతులు కడుక్కుంటూ, "ఎందుకైనా మంచిది, వారానికోసారి బరువు చూపించండి" అంది.

కత్తెర తమ్ముడు తలుపు సందులోంచి నావైపు చూశాడు. నేను అతనివైపు చూశాను. ఇద్దరం ఏమీ అనుకోలేదు. అనుకోలేదనే రాస్తున్నాను.

18వ తేదీ, మంగళవారం

రాయక తప్పదు.

ఒకావిడ దుప్పటి కప్పిన బుట్ట నా బల్లమీద పెట్టి, "మా పిల్లి మందులు" అంటూనే మోగుతున్న ఫోను పట్టుకుని గుమ్మం దగ్గరికి వెళ్ళింది. బుట్టలో ఏదో వెచ్చగా కదిలింది. జనం ఎక్కువ. పని తొందరగా అవుతుందని బుట్టను తూకం యంత్రం మీద పెట్టి, బరువు చూసి, 'పిల్లి, బాగా లావు, తిండి తగ్గించాలి' అని రాశాను.

దుప్పటిలోంచి ఒక చిన్న చేయి బయటికొచ్చి నా పెన్ను పట్టుకుంది. అయిదు వేళ్ళూ ఉన్నాయి.

వాళ్ళమ్మ వెనక్కొచ్చి యంత్రం వైపు చూసింది. "బరువు బానే పెరిగాడండీ" అంది సంతోషంగా. తిండి సంగతి రాసిన కాగితం నేను చేత్తో కప్పేశాను. లోపల డాక్టరమ్మ నవ్వు వినిపించింది. ఆవిడ నవ్వగా వినడం ఇదే మొదలు.

రాత్రి అత్తయ్యకూ మా ఆయనకూ చెప్పేశాను. మళ్ళీ మొదటినుంచి. రేపు పొద్దున్నే మొదలు. ఇకమీదట ఏదీ అనుకోకూడదని ఈసారి చాలా గట్టిగా అనుకున్నాను.