నష్టపోయేవారి గడి

టెక్కలి,
9 నవంబరు 2025, ఆదివారం.

ఊరికి సర్పంచివైనా నాకు మాత్రం అప్పవే అయిన అనితకు,

తమ్ముడు ఢిల్లీరావు నమస్కరించి రాసేది. ఇక్కడ నేనూ, ప్రెస్సులో మిషనూ క్షేమం. అక్కడ నువ్వూ, శ్రీను బావా, అమ్మా, ఒడ్డున పడవలూ క్షేమమని తలుస్తాను. ఈ ఉత్తరం మంగ పిన్ని చేతికి ఇస్తున్నాను. ఇక్కడి బజారులో చేపలు అమ్ముకుని, నౌపడలో రైలెక్కి, పూండిలో దిగి సాయంత్రానికి నీకు అందిస్తుంది. ఫోను చెయ్యొచ్చు కదా అంటావు. మొన్న చేశాను కదా. నేను అరిచాను, నువ్వు పెట్టేశావు. కాగితం మీద అరిస్తే తీరిగ్గా చదువుకుంటావు.

గురువారం ఆఫీసరు మళ్లీ వస్తున్నాడు. చేపల షెడ్డు ఎక్కడ కట్టాలో ఆ రోజుతో తేలిపోతుంది. కిందటి సభలో ఊరంతా ఒక్కమాట మీద నిలబడి, ఊరి చివర తారు రోడ్డు పక్కన కట్టమని అడిగిందని ఆయన రాసుకుపోయాడు. ఊరంతా అంటే ఎవరప్పా? సభ పెట్టింది పొద్దున్న. అది పడవలు ఒడ్డుకు వచ్చే వేళ. ఆ వేళకు మన ఊరి ఆడవాళ్లు ఎక్కడుంటారు? గంపలు పట్టుకుని నీళ్ల అంచున ఉంటారు. గెలవకముందు నువ్వూ అక్కడే ఉండేదానివి. ఆఫీసరుకు వీలైన వేళ చూశావు గానీ ఊరికి వీలైన వేళ చూడలేదు. సభకు ఎందుకు వెళ్లలేదని మంగ పిన్నిని అడిగాను. "నాను మీటింగుకెల్తే నా సేపలు ఎవులు ఏలం పాటెడతార్రా? మీ బావేటి?" అంది. మరి చేతులెత్తింది ఎవరు? వేటకు వెళ్లనివాళ్లు, లారీలున్నవాళ్లు, పక్కవాడు ఎత్తాడని ఎత్తినవాళ్లు.

నీకు కోపం వస్తోందని తెలుసు. రోడ్డు పక్కనైతే లారీ ఆగుతుంది, ఐసు ఫ్యాక్టరీ కూడా వస్తుంది, మంచే కదా అంటావు. మంచిది కాదని నేననలేదు. ఎవరికి మంచిది అని అడుగుతున్నాను.

ఈ అడగడం నాకు పుట్టుకతో రాలేదు. ప్రెస్సుకు వచ్చే కరపత్రాలన్నీ చదువుతాను కదా. ఏ రంగు కాగితం చూసినా ఒకటే మాట, ప్రభుత్వం దిగిరావాలి అని. నేనూ గొంతు పోయేదాకా అదే అరిచాను. అది దిగివచ్చాక దాంతో ఏం మాట్లాడాలో మాత్రం ఒక్క కరపత్రమూ చెప్పలేదు. మొన్న వానల్లో, ప్రభుత్వ విధానాలు ఎలా తయారవుతాయో చెప్పే చిన్న పుస్తకం ఒకటి అచ్చుకు వచ్చింది. అచ్చయిన ఫారాలు పేజీల వరసలో మడతపెడుతూ మొత్తం చదివేశాను. షెడ్డు లాంటిది జవాబట అప్పా. ముందు ప్రశ్న ఏమిటో తేల్చుకోవాలట. మన ప్రశ్న ఏమిటి? మంచి ధర పలికేలోపే చేప మెత్తబడిపోతోంది. దానికి ఒకటే దారి ఉందా, ఇంకో రెండు ఉన్నాయా? ఒక్కో దారిలో బాగుపడేది ఎవరు, నష్టపోయేది ఎవరు? ఫోనులో నీకు సగమే చెప్పిన పట్టిక ఆ పుస్తకంలోదే. చివరి గడి నష్టపోయేవారిది. ఆ గడి ఖాళీగా మిగిలితే, ఎవరినో అడగడం మరిచిపోయారని అర్థం అని కింద రాశారు. అది చదివి మిషను ఆపేశాను. ఓనరు తిట్టాడు, పడ్డాను.

ఇప్పుడు రోడ్డు పక్క షెడ్డును ఆ పట్టికలో పెట్టి చూడు. మన ఊళ్లో చేప నీళ్లు దాటేవరకే మగవాడిది. ఇసక మీద పడ్డాక ఆడదానిది. పాట పెట్టేది ఆమె, బేరం తెంచేది ఆమె, ఇంటికి ఏ కూర ఉంచాలో చెప్పేది ఆమె. అమ్మకం ఊరి చివరకు మార్చావనుకో. నీళ్లోడే గంప నెత్తిన పెట్టుకుని అంత దూరం ఇసకలో ఎవరు నడుస్తారు? బండి మీద వేస్తారు. బండి నడిపేది మొగుడో కొడుకో. తీసుకెళ్లినవాడే పాట పెడతాడు. ఆడవాళ్లు అమ్మకూడదని ఏ చట్టంలోనూ ఉండదు. ఆ పని దూరమే చేసేస్తుంది. షెడ్డు బాగుందని అందరం ఫొటోలు దిగుతాం.

అలాగని షెడ్డు వద్దు అనకు. వద్దు అన్న మాట ఆఫీసరు ఫైలులో ఎక్కడ పెట్టుకుంటాడు? ఊరికి అభివృద్ధి పట్టలేదని రాసి, డబ్బు పక్క ఊరికి పంపేస్తాడు. బదులు చూపించు. పడవలు దిగేచోటికి ఎదురుగా, ఇళ్ల వరస వెనక పంచాయతీ స్థలం ఉంది కదా, షెడ్డు అక్కడ అడుగు. అలల దగ్గర పక్కా కట్టడాలకు నిబంధన ఒప్పుకోదు, కాబట్టి పాట పెట్టే చోట విప్పి మళ్లీ వేసుకునే పందిరి చాలు. ఐసు పలాస నుంచి వ్యానులో తెప్పించుకోవచ్చు. ఆ స్థలం చిన్నది, ఐసు ఫ్యాక్టరీ పట్టదు. ఆ సంగతి దాచకుండా నువ్వే ముందు చెప్పెయ్. మన లోటు మనమే చెబితే మిగతా మాటలు నమ్ముతారు.

సభ సాయంత్రం పెట్టు, ఇసక మీద పెట్టు. ఆఫీసరు బూట్లలోకి ఇసక పోతే దులుపుకుంటాడు. నీ కుర్చీలో నువ్వే కూర్చో. సర్పంచి భర్త అనే పదవి ఏ చట్టంలోనూ లేదని బావకు నా మాటగా చెప్పు. మొన్న ఫోనులో వెనకనుంచి ఆయన అన్నది నాకు వినపడింది. "మీ తమ్ముడు టెక్కల్లో కాయితాలు మడతెడతన్నాడా, కలెక్టరుజ్జోగం సేత్తన్నాడా?" అని. ప్రస్తుతానికి మడతపెడుతున్నానని చెప్పు.

ఫోనులో నువ్వు అడిగినదీ మరిచిపోలేదు. "ఊరందరికీ గడులు గీత్తన్నావు, మరి నువ్ సెప్పే దారిలో నట్టపోయేదెవుల్రా? ఆ గడి కాళీయేనా?" అన్నావు. నేను అరిచింది అక్కడే. పుస్తకం చదివింది నేనైతే ఆ ప్రశ్న నీకు తట్టింది. గురువారం నువ్వు నెగ్గుతావని నాకు ధైర్యం వచ్చింది కూడా అక్కడే.

నాకోసం అమ్మ వసారా గది ఖాళీ చేయించి సున్నం వేయించిందని పిన్ని చెప్పింది. అమ్మకు నా నమస్కారాలు చెప్పు. బావకు కూడా, మిగిలితే.

ఇట్లు,
నీ మీద తప్ప ఇంకెవరి మీదా ఇంత గొంతు చేసుకోని నీ తమ్ముడు,
ఢిల్లీరావు

తా.క.: ఆ గడిలో ఇద్దరున్నారు. ఒకడు లారీల పోలారావు మావ. ఆయన తట్టుకుంటాడు. రెండోవాడిని నేను. రోడ్డు పక్కన తన ఐసు ఫ్యాక్టరీ వస్తే మిషను చూసుకునే పని నాకేనని ఆయన దసరాకే మాటిచ్చాడు. ఊరు వచ్చేస్తానని అమ్మతో అన్నది ఆ పనిని నమ్ముకునే. నేను చెప్పినట్టు నువ్వు చేస్తే ఆ పని ఉండదు, నేను ఇప్పట్లో రాను. అమ్మకు నువ్వు చెప్పకు, నేనే చెప్పుకుంటాను. గురువారం నష్టపోయేది ఎవరని ఆఫీసరు అడిగితే నా పేరు చెప్పు. తమ్ముడు కదా అని దాటెయ్యకు.