దోబ్రి గొంతు కోసం

రంగెల్ మేస్త్రీ గారికి,
దేవుడు మిమ్మల్ని చల్లగా చూడాలి. కంప్యూటరు బాగుచేయడం గురించి ఫోనులో మీరు చెప్పే మాటల వేగం అందక ఉత్తరం రాస్తున్నాను. నా భర్త దోబ్రి మా చర్చిలో పాడేవారు. ఏళ్ళ క్రితం, పోయేముందు, ఈస్టర్ కీర్తన మా పాత కంప్యూటరులో పాడి దాచారు; నేనింతవరకు వినలేదు. మొన్న స్కూలు మాస్టారు విండోస్ మళ్ళీ ఎక్కించాక పాట పేరు కనబడుతోంది గాని గొంతు రావడంలేదు. పోయినవాళ్ళను తలుచుకునే ఆత్మల శనివారానికి ఊరందరికీ వినిపిద్దామని నా కోరిక.
మీ స్తమేనా
తా.క. కొట్టి చూశాను. మెల్లగానే.

స్తమేనా పిన్నిగారికి నమస్కారాలు.
పాట ఎక్కడికీ పోలేదు. సౌండ్ కార్డు చేత పని చేయించే చిన్న ప్రోగ్రాం చెరిగిపోయింది. దాన్నే డ్రైవరు అంటారు. కరెంటు తీసేసి, పెట్టె తెరిచి, స్పీకరు వైరు గుచ్చే కార్డు మీది నంబరు రాయండి.
రంగెల్
తా.క. కొట్టకండి.

రంగెల్ మేస్త్రీ గారికి ఆశీస్సులు.
పెట్టె తెరిచే పనే పడలేదు. నంబరు వెనకాలే ఉంది, ఎర్ర రంగుతో, 417. మా పాలకేంద్రం మూసేసినప్పుడు వేలంలో కొన్నాం లెండి.
స్తమేనా
తా.క. దీని కుర్చీది 418. అదీ కావాలా?

పిన్నిగారూ,
అది సర్కారీ సామాన్ల నంబరు! మా నాన్న ఆఫీసులో బల్లకీ, సిగరెట్ల బూడిద గిన్నెకీ కూడా ఉండేది. అక్కడికి వెళితే నాకూ వేస్తారేమోనని భయపడేవాణ్ణి. పెట్టె తెరవండి. కార్డు మీది పెద్ద నల్ల చిప్పు చూడండి.
రంగెల్
తా.క. పొద్దంతా ఇంటర్నెట్‌లో 417 కోసం వెతికాను. ఆ నంబరుతో ఒక ట్రాక్టరు దొరికింది.

మేస్త్రీ గారూ,
తెరిచాను. చిప్పు మీద కె.టి. 1869 అని ఉంది. పక్కనే ఎండిన తులసి రెమ్మ కూడా ఉంది. దోబ్రి పెట్టి ఉంటారు, మిషను చల్లగా ఉండాలని.
స్తమేనా
తా.క. ప్రతి నెలా మా చర్చి సావా ఫాదర్ అలాంటి రెమ్మతోనే ఇల్లంతా పవిత్ర జలం చల్లుతూ దీని మీదా చల్లుతారు. తప్పా?

పిన్నిగారూ,
దొరికింది! జర్మనీలో ఒక పెద్దాయన ఇలాంటి పాత డ్రైవర్లన్నీ పారేయకుండా దాచారు. సీడీ పంపుతున్నాను. డివైస్ మేనేజర్ తెరిచి, పసుపు ప్రశ్న గుర్తున్న చోట నొక్కి, ఇందులోని డ్రైవరును ఎక్కించండి. మీ మాస్టారు చేయగలరు.
రంగెల్
తా.క. దీవెన దూరం నుంచి కూడా తగులుతుందని ఫాదర్ గారితో చెప్పండి.

రంగెల్ నాయనా,
శనివారం ఊరంతా మా ఇంట్లోనే. కొవ్వొత్తులు వెలిగించాం. ఫాదర్ ముందు కుర్చీలో కూర్చున్నారు. పాట నొక్కగానే దోబ్రి గొంతు సవరించుకుని ఒక్క చరణం ఎత్తుకున్నారు. అంతలో వంటింట్లోంచి ఒక ఆడమనిషి కేక: "దోబ్రీ! ఆ తలుపు వేస్తావా, కోళ్ళను కూడా పాడిస్తావా? సూపు చల్లారిపోతోంది!" నేనే నాయనా, అప్పటి నేను. ఎంత పడుచుగా ఉందో ఆ గొంతు! ఆయన నవ్వి, "వస్తున్నానే, నా స్తమేనా" అన్నారు. కుర్చీ జరిపిన చప్పుడు. అంతే, ఆ తర్వాత కీర్తన లేదు.
అందరూ పగలబడి నవ్వారు, తర్వాత కళ్ళు తుడుచుకున్నారు. ఫాదర్ "ఆమెన్" అని, మళ్ళీ పెట్టమన్నారు.
నీ పిన్ని స్తమేనా
తా.క. ఆయన గొంతు అలాగే ఉంచి నాది మాత్రం తగ్గించే డ్రైవరు ఉందేమో అడగమంటోంది పక్కింటి గీనా. ఉన్నా పంపకు.