పడుకునే వేషం

మార్చి 2, 1981
ఇవాళ కూడా పడుకునే ఉన్నాను. ముక్కులో గొట్టం, నుదుటికి కట్టు. సీరియల్లో నేను కోమాలో పడి ఇది నాలుగో వారం. మొగుడి వేషం వేసే రాబర్ట్ నా చెయ్యి పట్టుకుని పేజీన్నర డైలాగు చెప్పాడు. బాగా చెప్పాడు. నాకేమీ అనిపించలేదు. అనిపించకూడదు కూడా — అందుకేగా జీతం.

మార్చి 3
అదే మంచం.

మార్చి 5
మేకప్ అమ్మాయి అడిగింది — లండన్ స్టేజి మీద అంత పేరుండి, ఈ మధ్యాహ్నం సీరియల్‌కి ఎందుకొచ్చావని. న్యూయార్క్ చూద్దామని, అన్నాను. నమ్మింది.

ఇక్కడైతే రాసుకోవచ్చు. సెట్‌లో తెలుగు చదివేవాళ్ళు లేరు. కిందటి అక్టోబరు... రెండో అంకం మధ్యలో, నిండు హాలు ముందు, మాట రాలేదు. పక్క నుంచి అందించారు. వినబడింది. అయినా రాలేదు. తెర దించేశారు. పద్దెనిమిదేళ్ళు ఆ గొంతు మీదే బతికాను, సినిమాలు కూడా ఆ గొంతు విని ఇచ్చినవే. తర్వాత ఏజెంటు ఫోన్ చేసి, అమెరికాలో ఒక వేషం ఉంది, మొదటి వారమే యాక్సిడెంట్, ఆపైన డైలాగుల్లేవు అంది. మారు మాట్లాడకుండా సంతకం పెట్టాను.

మార్చి 8, ఆదివారం
న్యూజెర్సీలో పిస్కాటవే. ప్రసాద్ గారింట్లో తెలుగు ప్రార్థన కూటం. వాళ్ళమ్మ రత్నమ్మ గారు రోజూ నా సీరియల్ చూస్తారు. ఇంగ్లీషు రాదు. ప్రార్థన మనవులు చెప్పమంటే ఆవిడే ముందు లేచారు — "ఈ బిడ్డ నెల్లాళ్ళుగా మంచాన పడి ఉంది తండ్రీ, లేపయ్యా." పిల్లలు కిసుక్కుమన్నారు. ప్రసాద్ గారు సిగ్గుపడిపోయి, "అమ్మా, అది యాక్టింగే! ఆవిడ ఇక్కడే కూర్చుని ఉన్నారుగా."

"నాకు తెలీదేంట్రా? అయినా ఆ మొహం చూడు."

వచ్చి నా నెత్తిన చెయ్యి పెట్టారు. చాలాసేపు తియ్యలేదు. ఉల్లిపాయ వాసన.

మార్చి 9
మంచం.

మార్చి 17
ప్రొడ్యూసర్ స్వయంగా మేకప్ రూమ్‌కి వచ్చాడు. జనం తెగ ఉత్తరాలు రాస్తున్నారట. "నిన్ను లేపుతున్నాం డియర్! కాంట్రాక్ట్ ఇంకో ఏడాది." థాంక్యూ అన్నాను. ఆ వేషాన్ని చంపేస్తారేమో అనుకున్నాను ఇన్నాళ్ళూ. లేవడమా, పోవడమా, ఏది కావాలని ఎవరైనా అడిగి ఉంటే ఏం చెప్పేదాన్నో.

మార్చి 24
స్క్రిప్ట్ వచ్చింది. కళ్ళు తెరవాలి, రాబర్ట్‌ని చూడాలి. ఒక్క లైను — ఇంకా ఇక్కడే ఉన్నావా? అంతే. బాత్‌రూమ్‌లో కుళాయి వదిలి ఆ లైను అంటే వచ్చింది. కుళాయి కట్టేసి అంటే రాలేదు.

మార్చి 29, ఆదివారం
కూటానికి వెళ్ళలేదు. లేపుతున్నారని ప్రసాద్ గారికి మొన్న చెప్పాను, ఇవాళ రత్నమ్మ గారు ఫోన్ చేశారు. "చూశావా, దేవుడు విన్నాడు!" అవునండీ అన్నాను. "మరి గొంతు అలా ఉందేంటమ్మా?"

ఏప్రిల్ 2
లేపే సీన్. రాబర్ట్ డైలాగు అయిపోయింది. నిశ్శబ్దం. ఆ నిశ్శబ్దం నాది. కళ్ళు తెరవలేదు.

"రాబర్ట్ ఇచ్చిన క్యూ వినబడలేదా?" డైరెక్టర్.

"వినబడింది" అన్నాను, కళ్ళు మూసుకునే.

మళ్ళీ తీశారు. మళ్ళీ అంతే. రేపటికి వాయిదా. రేపూ ఇలాగే అయితే నిద్రలోనే పోయినట్టు రాసేస్తామని ప్రొడ్యూసర్ మర్యాదగానే చెప్పాడు.

కారిడార్‌లో గోడ పట్టుకుని నిలబడ్డాను. భయం. అక్టోబరు తర్వాత నాకంటూ ఏదైనా అనిపించడం ఇదే మొదలు.

ఏప్రిల్ 3
కట్టు కట్టారు. గొట్టం పెట్టారు. ఫ్లోర్‌లోకి పిలిచేదాకా మేకప్ కుర్చీలోనే ఈ రాత. నుదురంతా చెమట, పౌడర్ నిలవడం లేదని అమ్మాయి గొణుగుతోంది. లైను గుర్తుంది. గుర్తుండడానికి అక్టోబరులోనూ గుర్తుంది...

ఎవరైనా నెత్తిన చెయ్యి పెడితే బాగుండును.

పిలుస్తున్నారు —