పాత ప్రింటర్ తీసేసిన పాపం

2011 జూన్, మంగళవారం

ఈరోజు సుజాత ముఖం చూడలేకపోయాను. కొత్తూరు ఫ్యాక్టరీ ఆఫీసులో ఆమె చేరి నెల కూడా కాలేదు. పొద్దున స్కానర్ పనిచేయకపోతే, మేనేజర్ అడగ్గానే "నిన్న సుజాత ఏందో నొక్కినట్టుంది సార్" అనేశాను. అందరి ముందూ ఆమెకు తిట్లు పడ్డాయి.

మధ్యాహ్నం మెకానిక్ వచ్చి చూశాడు.

"ప్రింటర్, స్కానర్ రెండూ ఒకటే ఫైల్ వాడుకుంటయ్ అన్నా. పాత ప్రింటర్ సాఫ్ట్‌వేర్ తీసేటప్పుడు ఎవరో అది గూడ తీసేసిన్రు. తీసే ముందు కంప్యూటర్ అడుగుతది గద, వేరేవాటికి పనికొస్తదేమో, తీసెయ్యాల్నా అని?"

అడిగింది. నిన్న సాయంత్రం శంషాబాద్ బస్సు వెళ్ళిపోతుందన్న తొందరలో, చదవకుండా ‘యెస్’ నొక్కింది నేనే. అయినా నాకేమీ తెలియనట్టు తలూపాను. మేనేజర్ పక్కనే ఉన్నాడు మరి...

మెకానిక్ వెళ్ళాక సుజాత నోట్‌బుక్ పట్టుకుని నా దగ్గరికొచ్చింది.

"నాతోనే ఖరాబైందేమో అన్నా, యాదికొస్తలేదు. ఇగ మళ్ళ గట్ల అడిగితే ఏం నొక్కాలె?"

"‘నో’ నొక్కాలె" అన్నాను.

ఆమె బుద్ధిగా రాసుకుని, కింద గీత కూడా గీసుకుంది.