పెరట్లో ఉప్పూ బొగ్గులూ

రాజాం, 9-12-68

అన్నయ్యకు పద్మ నమస్కారాలు. నా నడుము తప్ప ఇక్కడ అందరం కులాసా.

తడికట్టెలతో ఆరుగురికి నీళ్లు కాచలేక చస్తున్నానని మీ బావ విశాఖపట్నం నుంచి కరెంటు బాయిలరు తెచ్చారు. తానే బిగిస్తానన్నారు. నేను పోట్లాడి మేస్త్రీని పిలిపించాను. అతను షాకు కొట్టకుండా ముందు ఎర్తు కావాలని పెరట్లో గొయ్యి తీసి, ఉప్పూ బొగ్గులూ పోసి గొట్టం పాతి వెళ్లాడు. ఆ రోజు ఊళ్లో లేని అత్త మర్నాడు వచ్చి, అది చూసి చేతబడి అనుకుంది.

"ఒసే పద్మా, ఎవులో నీ మీద సిల్లంగి ఎట్టినారే. బయపడకు, నానే తవ్వి తీసి గెడ్డ నీటిలో పారేసినాను" అంది.

ఈ చలిలో, ఆ వయసులో, నాకోసం తవ్విన మనిషిని ఏమనను? అది మేస్త్రీ పాతాడని చెబితే, అతనే సిల్లంగి పెట్టాడంటూ గుమ్మం తొక్కనివ్వడం లేదు. మీ బావేమో ఎర్తు లేకపోతే ఏం, నేనే తగిలించేస్తానంటున్నారు. నాకు భయంగా ఉంది.

అమ్మకు దగ్గు తగ్గిందా? గేదె ఈనిందా? ఇక్కడ చింతపండు నిండుకుంది.

ఇది రాస్తుంటే చదువు రాని అత్త పక్కనే కూర్చుని, "సిల్లంగి తీసే మనిసి మీ పాతపట్నంలో ఉన్నాడేటో మీ అన్ననడుగే" అంటోంది. ఉన్నాడని చెప్పాను. మీ కరెంటు ఆఫీసుకు ఆదివారం సెలవే కదా, ఆ మనిషిగా నువ్వే రా. ఆవిడ ఎదుటే అదే గోతిలో మళ్లీ ఉప్పూ బొగ్గులూ పోసి గొట్టం పాతి, ఇంటికి రక్షగా కట్టు కట్టానని చెప్పు. ఆలోచిస్తే అది అబద్ధమూ కాదు.

వదినకు నమస్కారాలు, పిల్లలకు ముద్దులు.